విన్నవారి పట్టిక

రెప్ప వాల్చడం ఎరుగని ప్రభువుకు మొదటి వందనం. మనిషికి ముందు చెవిని తెరిచి, ఆ తరువాతే నాలుకను కదిలించిన అల్లాహ్‌కు స్తుతి. ఆయన సందేశాన్ని ఒక్క అక్షరం జారనీయకుండా అందించిన ప్రవక్తకు శాంతి. ఆ మాటను నోటినుంచి చెవికి, చెవినుంచి నోటికి తరతరాలుగా దాటించిన పుణ్యాత్ములందరికీ శాంతి. చెప్పబోయేది వినడాన్ని గురించిన కథ. చెప్పేవాడి నోట పొల్లు దొర్లకుండా, వినేవారి మనసు పక్కకు పోకుండా కాపాడమని ఆ సర్వశ్రోతను వేడుకుని మొదలుపెడుతున్నాను.

మూడు దాటి నాలుగు నిమిషాలైంది. అంటే గ్రంథాలయపు గోడగడియారం అలా అంటోంది. చదివే బల్లముందు కూర్చున్న పెద్దాయన చేతిగడియారం సరిగ్గా మూడే అంటోంది. రెండు సాక్ష్యాలు విభేదించినప్పుడు ఎవరి మాట స్వీకరించాలి? తన గడియారం ఏనాడూ అబద్ధమాడింది లేదు. గోడగడియారాన్ని అందుకోవడానికి నిచ్చెన కావాలి, కనుక ఎవరో నిచ్చెన వేసుకుని ఎక్కి ముందుకు తిప్పి ఉండాలి, ఎందుకు తిప్పినట్టు, నాలుగింటికి గది మూసేయాలన్న నియమం మూడూ యాభైఆరుకే నెరవేరడానికా, తాళం గదిలోకి వెళ్ళిన లైబ్రేరియన్ మేడం పన్నెండు నిమిషాలైనా తిరిగి రాకపోవడానికీ దీనికీ సంబంధం ఉందా. ఉండకపోవచ్చు. ఉండవచ్చు. ఆయన తన పుస్తకాన్ని బల్లమీద అంచుకు సమంగా సర్దుకున్నాడు. నలభైయొక్క ఏళ్ళ కిందటి సొంత ప్రతి, అట్ట మూలలు అరిగి లోపలి పీచు బయటపడింది, మార్జిన్లు నిండా చీమల బారులా చిన్నచిన్న అరబీ అక్షరాలు. దాని పక్కన అచ్చుకు వెళ్ళవలసిన ఒకే ఒక కాగితం. ఆరాధనా విధులను గురించి పూర్వపండితుడు రాసిన మహాగ్రంథానికి, ఇరవైరెండేళ్ళు కూర్చుని తాను సరిచూసి నోట్సుతో ఆరు సంపుటాలు చేసిన పరిష్కరణకు, మొదటి పుట అది. ప్రెస్సువాళ్ళు మిగతాదంతా కట్టి సిద్ధంగా ఉంచారు. ఈ ఒక్క పుట నాలుగింటికల్లా ఖరారు చేసి ఫోను చేయాలి. అందులో ఉన్నది ఒకటే వాక్యం. ఈ గ్రంథాన్ని ఉస్తాదుగారి ఎదుట కూర్చుని, ఆయన చదువుతుండగా, మొదటి మాటనుంచి చివరి మాటదాకా విన్నవారు ఈ దిగువ పేర్కొన్నవారు, అని. దిగువ ఒక్కటే పేరు. ఆయనది.

ఒక్క పేరు చాలదా? చాలదన్నది కూతురు. అన్నం వడ్డిస్తూ, ఏదో కూరలో ఉప్పు సరిపోయిందా అని అడిగినంత తేలిగ్గా అంది.

"బాబాయి పేరు కూడా వెయ్యండి నాన్నా. ఆయనా విన్నారుగా."

"ఎవరు చెప్పారు నీకు?"

"మీరే. నా చిన్నప్పుడు చెప్పేవారు కదా, పాఠంలో మీ పక్కనే కూచునేవాడని."

"పక్కన కూచోవడం వేరు, వినడం వేరు."

"అబ్బా! మీరు ఉప్పు డబ్బాని కూడా ఇద్దరు సాక్షుల్ని తెమ్మంటారు."

నవ్వి వెళ్ళిపోయింది కానీ ఆయనకు ముద్ద దిగలేదు. బాబాయి అట! రక్తసంబంధం లేదు, ఒకే తల్లి పాలు తాగిన సంబంధం లేదు. వాడు బైండరు. పుస్తకాలు కుట్టేవాడు. ఉస్తాదుగారి వీధిలోనే వాడి కొట్టు; జిగురు ఉడకబెట్టిన చేతులు అలాగే తుడుచుకుని వచ్చి, పాఠంలో పెద్దాయన ఎడమపక్క చతికిలబడేవాడు. ఏ మదరసాలోనూ చదవలేదు, ఏ పట్టా లేదు, వ్యాకరణం గాలికి వచ్చింది. ఇప్పుడు తన కొట్లో సాయంత్రాలు ఇదే గ్రంథం చదివి చెబుతాడట, పదిమంది చేరతారట, ఉస్తాదుగారి నోట విన్నానని చెప్పుకుంటాడట. చెప్పుకోవడానికేం, నోరుంది. కానీ ఇన్నేళ్ళలో ఒక్కసారీ తన ముందు ఆ మాట అనలేదు. అదే అసలు అనుమానం. నిజంగా విన్నవాడైతే తన ముందే అనేవాడు. కూతురితో అనిపించాడు, నేర్పుగా, తన పేరు తాను ఎత్తకుండా.

మనుషులను తూచడమే పెద్దాయన వృత్తి. ప్రవక్త వచనాలు ఎవరి నోటినుంచి ఎవరి చెవికి వచ్చాయో ఆ గొలుసులో ఒక్కొక్క లంకెను పట్టి చూడటం. ఫలానా ఏడు ఫలానా పట్టణంలో ఇతడు నిజంగా ఉన్నాడా, గురువు చనిపోయేనాటికి ఇతడికి ఊహ తెలిసిందా, ముసలితనంలో మతి తప్పిందా, తాను వినని దానిని విన్నట్టు చెప్పుకున్నాడా. ఆ పనిమీద ఆయన రాసిన మూడు పుస్తకాలు పండితుల బల్లలమీద ఉన్నాయి. ప్రతి పేరు ఎదుట ఒక్క మాట రాస్తాడు: నమ్మదగినవాడు, ఫర్వాలేదు, జ్ఞాపకం బలహీనం, తోసిపుచ్చదగినవాడు. నలభై ఏళ్ళు చచ్చినవాళ్ళను అలా తూచిన తరువాత బతికున్నవాళ్ళను తూచకుండా ఉండటం కష్టం. పాలవాడు జ్ఞాపకం బలహీనం. ప్రెస్సు ఆయన ఫర్వాలేదు, కానీ రేపు అన్నప్పుడల్లా ఎల్లుండి అని అర్థం చేసుకోవాలి. అల్లుడు పెళ్ళిచూపులకు వచ్చిన రోజున, కుర్రాడు ఎక్కడ చదివాడని కాక ఎవరిదగ్గర చదివాడని, ఆ గురువు ఆ ఏడాది సెలవులో లేడు కదా అని అడిగాడు. నలభై రోజులపాటు ఇంటిల్లిపాదీ ఆ మాట చెప్పుకుని నవ్వారు. నవ్వనీ. వడకట్టకుండా తాగితే నలుసు తెలిసేది గొంతులోకి దిగాకే. అనుమానం అతిగా ఉండకూడదని దివ్యగ్రంథం హెచ్చరించింది, నిజమే. కానీ ఆ హెచ్చరిక ఇరుగుపొరుగు సంగతులకు, ధర్మం సంగతి వేరు, ధర్మంలో అనుమానించకపోతే అబద్ధం ఇంట్లోకి చెప్పులతో వస్తుంది. ఈ తర్కం తనకు ఎప్పుడూ గట్టిగానే కనిపించింది. ఇవాళ ఎందుకో ఒకటికి రెండుసార్లు చెప్పుకోవలసివస్తోంది.

అద్దాల తలుపుకు అవతల వరండాలో బెంచీ. బెంచీమీద కూతురు, పక్కన బైండరు. అతడెందుకు వచ్చినట్టు? ఉస్తాదుగారి సొంత ప్రతికి కుట్టు వదులైందట, దాన్ని ఆ కాలంలో కట్టినవాడు ఎదుట ఉంటే తప్ప పూర్తిగా తెరవనివ్వనని మేడం కబురుపెట్టిందట. నమ్మవచ్చు. ఇవాళే వదులు కావడమే నమ్మకం కలిగించని విషయం. బైండరు ఏదో చెప్పాడు, కూతురు పమిట చెంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది. ఏం చెప్పాడు? తన గురించేనా? అద్దంలోంచి మాట వినిపించదు, పెదవులు మాత్రం కదులుతాయి. వినిపించని మాటకు సాక్ష్యం చెప్పలేం కనుక ఆయన చూపు తిప్పుకుని తన ప్రతిలోకి చూశాడు. చేయి దానంతట అదే ఆ పుట దగ్గర తెరిచింది. రెండువందల పన్నెండు. ప్రయాణికుడి నమాజు అధ్యాయం ముగిసి మరో అధ్యాయం మొదలయ్యే చోట, మొదటి పంక్తి పక్కన, గోధుమరంగు మరక. గుండ్రంగా, వేలిముద్రంత. దగ్గర పెట్టుకుని చూస్తే చర్మపు గీతలు కూడా కనబడతాయి. బైండరు వేలు అది. జిగురు వేలు. పాఠం నడుస్తుండగా తన పుస్తకంమీద, తెల్లని కొత్త పుస్తకంమీద, చనువుగా వేలు పెట్టాడు. ఎందుకు పెట్టాడో ఆయన ఆనాడే తేల్చుకున్నాడు: తన మార్జిన్లో రాసుకున్నది ఎక్కించుకోవడానికి. సొంతంగా అర్థం కానివాడు పక్కవాడి పుస్తకంలోకి తొంగిచూస్తాడు. నలభైయొక్క ఏళ్ళుగా ఆ మరక ఆయన దగ్గర ఒక సాక్షిలా పడివుంది.

మేడం వచ్చింది. చేతుల్లో గుడ్డపట్టీతో కట్టిన అట్టపెట్టె.

"సార్, నాలుగింటికి మూసేస్తాం. పెన్నులు లోపల పెట్టేయండి, పెన్సిలే వాడాలి."

"మీ గడియారం నాలుగు నిమిషాలు ముందుంది."

"మాకు అదే గడియారం సార్," అంది, నవ్వకుండా.

పట్టీ విప్పి పెట్టె తెరిచేసరికి ముందు వచ్చింది వాసన. ఉస్తాదుగారి గది వాసన. కర్పూరం కాదు, అత్తరు కాదు, పాత కాగితం, ఉన్ని దుప్పటి, కుంపటి బూడిద కలిసిన వాసన. ఆయనకు కాళ్ళు ముడుచుకుని చాపమీద కూర్చున్నట్టయింది. ఉస్తాదుగారు చదివేటప్పుడు ముందుకూ వెనక్కీ ఊగేవారు కాదు, కదలకుండా కూర్చుని, ఒక పంక్తి చదివి ఒక ఊపిరి తీసుకుని, తలెత్తి ఒక్కొక్కరి ముఖం చూసి, మళ్ళీ చదివేవారు. పద్నాలుగు పాఠాలు. ప్రతి పాఠం తెల్లవారుజామున ఫజ్ర్ నమాజు అయ్యాక మొదలై ఎండ గుమ్మం దాటేదాకా. అందరూ వెళ్ళాక ఆయన ఒక్కరే కూర్చుని తన ప్రతి చివరి ఆకుమీద ఏదో రాసేవారు. అది విన్నవారి పట్టిక. పూర్వుల పద్ధతి: ఎవరు వచ్చారు, ఎవరు ఏ పుటనుంచి వచ్చారు, ఎవరు మధ్యలో లేచిపోయారు, ఎవరు పక్కవాడితో మాట్లాడారు, ఎవరు కునికారు, అన్నీ రాయాలి. వినని భాగాన్ని విన్నానని ఎవరూ రేపు చెప్పుకోకుండా. ఆ ఆకును ఉస్తాదుగారు ఎవరికీ చూపేవారు కాదు, అడగడానికి ఎవరికీ నోరు వచ్చేది కాదు. పాఠం ముగిసిన ఏడాదికే ఆయన కన్నుమూశారు. ఆ ప్రతి కుట్టు ఊడితే ఉస్తాదుగారి ఇంట్లో అమ్మగారు వీధిలోని బైండరుకే ఇచ్చారు. వాడు కట్టి తెచ్చాక ఆమె దాన్ని ఈ గ్రంథాలయానికి రాసి ఇచ్చారు. అంటే ఆ ఆకు, మధ్యలో, బైండరు కొట్లో ఉంది. ఎన్నాళ్ళు? ఆరు వారాలు. కత్తి, సూది, దారం, సిరా, జిగురు అన్నీ చేతికందేంత దూరంలో, ఎవరూ చూడని ఆరు వారాలు. అక్కడ ఒక పేరు చేర్చుకోవడానికి ఆరు నిమిషాలు చాలు. పెద్దాయన ఇవాళ వచ్చింది దానికోసం. ఉంటే ఏ సిరాతో ఉందో, ఏ చేతిరాతలో ఉందో చూడటానికి.

ఆయన ప్రతిని బోర్లా తిప్పి చివరి అట్ట మెల్లగా ఎత్తాడు. పట్టిక లేదు. చివరి ఆకుకు నాలుగు అంచులా అంటించిన పల్చని తెల్లకాగితం ఉంది. దాని వెనుక, దీపానికి అడ్డం పెట్టినట్టు, నీడల్లా అక్షరాలు.

ఒక్క క్షణం ఆయనకు సంతోషం వేసింది. దాని గురించి తరువాత సిగ్గుపడ్డాడు గానీ, సంతోషమే. దొరికాడు. ఇన్నాళ్ళకు దొరికాడు.

"మేడం, ఈ కాగితం ఎవరు అంటించారు?"

"మాకు వచ్చినప్పుడే అలా ఉంది సార్. రిజిస్టర్లో రాసుంది, చివరి ఆకు కప్పి ఉంది అని."

"బయట బెంచీమీద ఉన్నాయన్ని పిలవండి."

బైండరు లోపలికి వచ్చాడు. ముందు చెప్పులు తలుపు దగ్గర విడిచాడు, ఇక్కడ విడవనక్కరలేదని మేడం అన్నా వినిపించుకోలేదు. తెల్లబడిన గడ్డం, అరిగి నున్నబడిన వేళ్ళు. వెనకే కూతురు. తెరిచిన ఆకును చూడగానే అతడు ఆగిపోయాడు. ఆ ఆగడాన్ని పెద్దాయన మనసులో రాసుకున్నాడు.

"ఇది నువ్వు అంటించిందేనా?"

"నేనే అన్నయ్యా."

"తియ్యి."

"అది అలా ఉండనివ్వండి."

"ఎందుకుండనివ్వాలి?"

"పాత కాగితం. చిరిగితే మళ్ళీ రాదు."

"అంటించినవాడికి తియ్యడం రాదా?"

"వచ్చు." బైండరు కూతురివైపు తిరిగాడు. "తల్లీ, నాన్నకి ఎండ తగిలినట్టుంది. కాస్త టీ తెస్తావా?"

"ఇక్కడ టీలు తాగనివ్వరు బాబాయి."

సాక్షిని పంపేయజూశాడు. పెద్దాయన పెదవి కొరుక్కున్నాడు. ఇన్నేళ్ళుగా పుస్తకాల్లో చదివిన ఎత్తులన్నీ, సాకు, జాప్యం, సాక్షిని తప్పించడం, ఒకదాని వెనుక ఒకటి వరుసగా కళ్ళముందు నడిచి వస్తున్నాయి. "నువ్వు ఇక్కడే ఉండమ్మా," అన్నాడు కూతురితో. "నువ్వు కూడా చూడాలి."

బైండరు సంచీలోంచి అద్దుడు కాగితం తీసి, మేడం తెచ్చిన గ్లాసులో తడిపి, పిండి, ఆ తెల్లకాగితంమీద పరిచాడు. దానిమీద గాజుపలక పెట్టాడు. "పది నిమిషాలు పడుతుంది," అన్నాడు. తరువాత తన చేతులను వళ్ళో పెట్టుకుని నేలను చూస్తూ కూర్చున్నాడు.

పది నిమిషాలు. గోడగడియారంలో మూడూ ఇరవైరెండు. గాజుకింద కాగితం తడిసి ఉబ్బుతోంది, దానికింద అక్షరాలు నీటి అడుగున చేపల్లా కొంచెం కొంచెం పైకి తేలుతున్నాయి, ఇంకా చదవడానికి అందడం లేదు. పెద్దాయన తన ప్రతిలోని మరకను మళ్ళీ చూశాడు. ఈ వేలే కదా, ఇప్పుడు వళ్ళో పడుకుని ఉన్న ఈ కుడిచేతి చూపుడువేలే. ఆరోజు ఏ పాఠం? తొమ్మిదోది. ఎలా గుర్తుంది? తొమ్మిదో పాఠానికి ముందు మూడు రాత్రులు పిల్లకు జ్వరం. ఇదిగో ఇక్కడ గడప దగ్గర చేతులు కట్టుకుని నిలబడిన ఈ పిల్లే, అప్పటికి పదకొండు నెలలు, భుజంమీద వేసుకుని గది ఈ చివరనుంచి ఆ చివరకు తెల్లవార్లూ నడిచాడు, దించితే ఏడుపు, ఎత్తితే మూలుగు. తెల్లవారాక భార్య, ఇవాళ మానేయకూడదా అంది, ఎలా మానేస్తాను, ఒక్క పాఠం పోతే గొలుసు తెగుతుంది అన్నాడు. వెళ్ళాడు. గుమ్మంలో ఉస్తాదుగారు, పిల్లకెలా ఉంది నాయనా అని అడిగారు. కూర్చున్నాడు. ప్రయాణికుడి నమాజు అధ్యాయం మొదలైంది. ప్రయాణంలో ఉన్నవాడు నాలుగు రకాతుల, అంటే నాలుగు ఆవృత్తుల నమాజును రెండుగా కుదించుకోవచ్చు, అలిసినవాడిపట్ల అది ప్రభువు చూపిన కనికరం, అని ఉస్తాదుగారి గొంతు చెప్పుకుపోతోంది, ఆ తరువాత. ఆ తరువాత వేలు. జిగురు వాసన, వేలు, కొత్త అధ్యాయపు మొదటి పంక్తి. మధ్యలో? మధ్యలో రెప్ప ఒకసారి వాలి లేచి ఉంటుంది. ఎవరికి వాలదు? రెప్పపాటు. అంతే. రెప్పపాటని ఆయన ఆనాడే అనుకున్నాడు, అనుకున్నదాన్ని మళ్ళీ ఎప్పుడూ తీసి చూడలేదు.

ఇప్పుడు చూశాడు. పుటలు వెనక్కి తిప్పాడు. రెండువందల పన్నెండునుంచి వెనక్కి, ఏడు ఆకులు. మార్జిన్లలో నోట్సు ఉంది, నిండుగానే ఉంది. కానీ నీలిసిరా. ముందు ఆకుల్లోనూ తరువాతి ఆకుల్లోనూ నల్లసిరా; ఆ రోజుల్లో ఆయన దగ్గర ఉన్నది నల్లసిరా ఒక్కటే; నీలిది కొన్నది రెండేళ్ళ తరువాత. ఈ ఏడు ఆకుల నోట్సు ఏదో పుస్తకంలో చూసి తరువాత రాసుకున్నది. పరాయి ప్రతిలో అయితే, ఏ శతాబ్దంనాటి ప్రతిలో అయినా, ఈ సిరాల తేడా ఆయన కంటికి పుట తిప్పగానే కనబడేది. ఫలానావాడు ఈ భాగాన్ని వినలేదు, తరువాత పూరించుకున్నాడు అని నిస్సంకోచంగా రాసిపారేసేవాడు. ఈ అధ్యాయంమీదే ఆయన ఉపన్యాసాలు పేరుపొందాయి. దూరదేశాలనుంచి విద్యార్థులు వచ్చి ఈ ఏడు ఆకులే ఆయన నోట విని, మేం విన్నాం, ఆయన ఉస్తాదుగారి నోట విన్నారు అని తమ పుస్తకాల్లో రాసుకుని వెళ్ళారు.

"ఊడుతోంది," అన్నాడు బైండరు.

గాజుపలక తీసి, సన్నని చెక్కబద్ద అంచుకింద దూర్చి, పసిపిల్ల బట్ట విప్పినంత మెత్తగా కాగితాన్ని ఎత్తాడు. చిరుగు లేకుండా వచ్చేసింది. కింద ఉస్తాదుగారి చేతిరాత. చుక్కలు సగం పెట్టని, తోకలు ఒకదానిలో ఒకటి చిక్కుకున్న ఆ రాతను చదవగలిగినవాళ్ళు ఇప్పుడు భూమిమీద ఇద్దరే, ఇద్దరూ ఈ బల్లకు చెరోపక్క ఉన్నారు.

పెద్దాయన మౌనంగా చదివాడు. పదకొండు పేర్లు. ఎనిమిదిమంది కొంతకొంత విన్నవారు. ఒకడు మూడో పాఠంతో మానేశాడు. బైండరు పేరు: పూర్తిగా విన్నాడు, మొదటి పాఠానికి ఆలస్యమై రెండు ఆకులు పోగొట్టుకున్నాడు, మర్నాడు ఇంటికి వచ్చి ఆ రెండూ చదివించుకున్నాడు. ఆ కింద పెద్దాయన పేరు. ఆ పేరు ఎదుట మూడు పంక్తులు.

ఆయన వెంటనే నమ్మలేదు; ముందు అలవాటు ప్రకారం అనుమానించాడు. ఇది బైండరు రాసిందైతే? ఆకును ఎత్తి వెన్నుదాకా చూశాడు. ఆకు అతికించింది కాదు, అదే మడతలోని మొదటి ఆకుతో ఒకే కాగితం, ఆ మొదటి ఆకుమీద గ్రంథం నడుస్తోంది. సిరా ఒకటే. అన్నిటికన్నా, దొంగరాత రాసేవాడు తన ఆలస్యాన్ని తానే రాసుకోడు. తనకు వ్యతిరేకంగా సాక్ష్యం చెప్పుకునేవాడి మాట బలమైనది. ఈ సూత్రాన్ని తన మొదటి పుస్తకంలో పెద్దాయనే పదహారు ఉదాహరణలతో నిలబెట్టాడు. ఇక అనుమానించడానికి ఎవరూ మిగల్లేదు, ఒక్కడు తప్ప.

"ఏముంది నాన్నా అందులో?" కూతురు దగ్గరికి వచ్చింది. "చదవండి."

మేడం కూడా మెడ సాచింది. ఆమెకు ఆ రాత చీమలకాళ్ళు. కూతురికీ అంతే. మూడు పంక్తులు దాటేస్తే ఎవరికీ తెలియదు. బైండరు పేరు చదివి, సరే, వీడి పేరు కూడా చేరుద్దాం అని పెద్దమనసుతో అంటే అందరూ సంతోషిస్తారు, పుట అచ్చుకు వెళుతుంది, పై కాగితాన్ని మళ్ళీ అంటించేస్తాడు, అంటించమని చెప్పనక్కరలేదు కూడా. బైండరు నేలచూపులు చూస్తూనే ఉన్నాడు. అతడి ముఖంలో ఉన్నది భయమే, వచ్చినప్పటినుంచీ ఉన్నది భయమే, కానీ ఎవరికోసం భయమో పెద్దాయనకు ఇప్పుడు తెలిసింది. ఇప్పుడు తాను ఆ పంక్తులు దాటేస్తే, తెలిసి దాచినవాడిని ఏమని రాస్తాం? ఆ మాట ఆయనకు బాగా తెలుసు. నలభైయొక్క ఏళ్ళుగా ఎందరికో రాశాడు.

గొంతు సవరించుకుని, పట్టిక చదవవలసిన పద్ధతిలో, గట్టిగా, మొదటి పేరునుంచి చదివాడు. బైండరుది చదివాడు. తనది వచ్చింది.

"పూర్తిగా విన్నాడు, తొమ్మిదో పాఠంలో ప్రయాణికుడి నమాజు అధ్యాయం తప్ప. ఆ ఏడు ఆకులూ నిద్రపోయాడు. ఇంట్లో బిడ్డకు జ్వరమని తెలిసి లేపలేదు. మళ్ళీ చదవమని అడుగుతాడని కనిపెట్టుకుని ఉన్నాను. అడగలేదు."

కూతురు ఒకసారి తన చేతులకేసి, ఆ జ్వరం ఇంకా అక్కడే ఉన్నట్టు, చూసుకుంది.

"నీకు తెలుసా?" అన్నాడు పెద్దాయన.

"పక్కనే కూచున్నాగా అన్నయ్యా. గురక కూడా పెట్టారు." బైండరు తల గోక్కున్నాడు. "చిన్నదే లెండి."

కూతురికి నవ్వు ఆగలేదు, కళ్ళు తుడుచుకుంటూనే నవ్వింది.

"మరి ఈ వేలు?" పెద్దాయన తన ప్రతిని అతడి ముందుకు తోశాడు. మరకను చూపించాడు.

"మీకు మెలకువ వచ్చినప్పుడు ఎక్కడున్నారో తెలీక కంగారు పడ్డారు. ఉస్తాదుగారు ఇక్కడున్నారు అని చూపించా. చెయ్యి కడుక్కురావడానికి టైము లేదు ఆరోజు." కాస్త ఆగాడు. "పాడైపోయిందని చాలా బాధపడ్డా. కొత్త పుస్తకం."

"ఇన్నేళ్ళూ చెప్పలేదేం?"

"ఉస్తాదుగారు చెబుతారనుకున్నా. ఆయనేమో మీరు అడుగుతారనుకున్నారు. ఆయన పోయారు. తర్వాత మీరు పెద్దవారైపోయారు, మీకెవరు చెబుతారు?"

"ఈ ఆకు చించేస్తే పోయేదిగా?"

"సాక్ష్యం చించుతామా!" బైండరు మొదటిసారి తలెత్తాడు. "చించలేదు. అలాగని అందరూ చూసేట్టు వదల్లేకపోయా. మైదా జిగురుతో అంటించా, నీళ్ళు తగిలితే ఊడిపోయేది. దాచడం కూడా తప్పే అన్నయ్యా. ప్రతి నమాజులో అడుక్కుంటూనే ఉన్నా."

గోడగడియారంలో మూడూ నలభై. పెద్దాయన తన చేతిగడియారం చూసుకోలేదు. కళ్ళద్దాలు తీసి తుడిచి పెట్టుకున్నాడు. తోసిపుచ్చదగినవాడు అని ఇంతకాలం ఎవరి ఎదుట రాయబోయాడో ఆ మనిషి, పాదాలకు చెప్పులు లేకుండా, వళ్ళో చేతులు పెట్టుకుని, మందలింపు కోసం కూర్చున్న పిల్లవాడిలా ఉన్నాడు.

"ఏడు ఆకులు చదవడానికి ఎంతసేపు?"

"ఉస్తాదుగారి లెక్కన అయితే పదిహేను నిమిషాలు."

"చదవండి."

బైండరు ఉలిక్కిపడ్డాడు. "నన్ను ‘మీరు’ అంటారేంటన్నయ్యా?"

"వినేవాడు చెప్పేవారిని అనవలసిన మాటే అన్నాను. ఇంతమంది చేత నన్ను అనిపించుకున్నాను, నాకు తెలియదా? చదవండి, మూసేస్తారు." కుర్చీ వెనక్కి జరిపి, బల్లకు ఆ పక్కకు వెళ్ళి, బైండరుకు ఎదురుగా, అతడికన్నా తక్కువ ఎత్తున్న బల్లపీటమీద కూర్చున్నాడు. "అమ్మా, నువ్వు నన్నే చూస్తుండు. నా కళ్ళు మూతపడితే తట్టి లేపు. ఆరోజు నీకోసం మేలుకున్నాను, ఇవాళ నాకోసం నువ్వు."

కూతురు వచ్చి తండ్రి పక్కన నిలబడి భుజంమీద చేయి వేసింది. మేడం గడియారం చూసింది, తాళంచెవుల గుత్తి బల్లమీద చప్పుడు కాకుండా పెట్టి తానూ కూర్చుంది.

బైండరు ఉస్తాదుగారి ప్రతిని ముందుకు తీసుకున్నాడు. ఒక పంక్తి చదివి, ఒక ఊపిరి తీసుకుని, తలెత్తి వినేవారి ముఖం చూసి, మళ్ళీ చదివాడు. ఊగలేదు. ఆ ఊపిరి ఎక్కడ తీసుకోవాలో, ఏ మాటమీద ఆగాలో, ఏ అక్షరాన్ని నొక్కాలో అన్నీ ఉస్తాదుగారివే. వ్యాకరణం రానివాడి గొంతులో ఒక్క అచ్చు తేడా లేకుండా కుట్టుకుని ఉన్నాయి. ప్రయాణంలో ఉన్నవాడు, అలిసినవాడు, కుదించుకున్నా నిండుగానే అందుతుంది, అని ఆ గొంతు చెబుతుంటే పెద్దాయనకు రెండుచోట్ల కొత్త సంగతి తగిలింది. తన ఉపన్యాసాల్లో ఆ రెండుచోట్లా తాను చెబుతూ వచ్చింది కొంచెం పక్కకు పోయింది. ఒకచోట మాట నొక్కడంలో తేడా, మరొకచోట ఆగవలసినచోట ఆగకపోవడం. ఆగి అడగలేదు. విన్నాడు. కళ్ళవెంట నీళ్ళు కారుతున్నా తుడుచుకోలేదు, తుడుచుకునే క్షణం కూడా రెప్పపాటే అనిపించి.

చివరి మాట అయ్యాక బైండరు చేయి సాచి, ఏదో పాత అలవాటులా, కొత్త అధ్యాయం మొదటి పంక్తిమీద వేలు ఉంచాడు. ఈసారి వేలికి జిగురు లేదు.

పెద్దాయన అచ్చుపుట ముందుకు లాక్కుని పెన్సిలుతో తన పేరు కొట్టేశాడు. పైన బైండరు పేరు రాశాడు. దాని ఎదుట, పూర్తిగా విన్నవాడు, నమ్మదగినవాడు. దానికింద తన పేరు రాసి, ఇలా పూర్తిచేశాడు: ఒక్క అధ్యాయం తప్ప మిగిలినదంతా ఉస్తాదుగారి నోట విన్నాను, ఆ అధ్యాయాన నిద్రపోయాను, దాన్ని ఇవాళ, ఆనాడు మేలుకుని విన్న ఈ పైవారి నోట విన్నాను, నా నోట ఇదివరకు ఆ అధ్యాయం విన్నవారు దయచేసి ఇక్కడినుంచి సరిచేసుకోగలరు. తన పేరు ఎదుట ఏ మాట రాయాలో తోచక ఆ చోటు ఖాళీగా వదిలేశాడు. ఫోను తీసి ప్రెస్సువాళ్ళకు, పుట మారింది, రాసుకోండి అన్నాడు.

వరండాలో చెప్పులు తొడుక్కుంటున్న బైండరు భుజం పట్టుకుని ఆయన గోడగడియారంకేసి మరోసారి చూశాడు. "నాలుగు నిమిషాలు ముందే ఉంది అది," అన్నాడు. "నిజమే అన్నయ్యా," అన్నాడు బైండరు, "నేనూ చూశా." ఇద్దరు సాక్షులయ్యారు.

ఈ కథ విన్నవారందరికీ ప్రభువు మేలు చేయుగాక. మొదటినుంచి చివరిదాకా విన్నవారికి నిండుఫలం కలుగుగాక. ఆలస్యంగా వచ్చినవారికి పోయిన భాగం చెప్పే ఓపికగల మనిషి దొరుకుగాక. బిడ్డకోసం మేలుకుని మధ్యలో కునుకుపట్టినవారికి, మెలకువ వచ్చేసరికి ఎక్కడున్నామో చూపే వేలు పక్కనే ఉండుగాక. ఆమీన్.